సినెరిసిస్: పెరుగులో, కంటిలో

మల్లాపూర్ ఇండస్ట్రియల్ ఏరియాలో కప్పు పెరుగు తయారుచేసే ఒక చిన్న ఫ్యాక్టరీలో నేను క్వాలిటీ ఇన్‌ఛార్జిని. ఇన్‌ఛార్జి అంటే పెద్ద మాటే గానీ నా కింద ఎవరూ లేరు. పాలు రాగానే పరీక్ష చేయడం, తోడు వేసేటప్పుడు వేడి సరిగ్గా ఉందా అని చూడడం, తయారైన పెరుగును రుచి చూసి బయటికి వదలడం, అన్నీ నేనే. మా ఓనర్ నల్గొండ వైపు మనిషి. ఒకప్పుడు అంబర్‌పేట్ సందుల్లో సైకిల్ మీద తిరిగి పాలు పోసినవాడు. నాలుగు గోడలు, రెండు పెద్ద స్టీలు తొట్లు, ఒక చల్లగది సంపాదించుకోవడానికి ఆయనకు సగం జీవితం పట్టింది.

ఆ ఏడు ఎండలు ముదిరిన దగ్గర్నుంచి మా పెరుగు నీళ్లు వదలడం మొదలుపెట్టింది. కప్పు మూత తీస్తే పైన నున్నగా, తెల్లగా ఉండాలి. బదులుగా పసుపుపచ్చ నీళ్లు తేరి ఉండేవి, మధ్యలో పెరుగు చిన్న ముద్దలా కుంచించుకుని. తింటే రుచి బాగానే ఉండేది. కానీ సూపర్‌మార్కెట్‌లో మూత తీసి ఆ నీళ్లు చూసినవాళ్లు పెరుగు పాడైందనే అనుకుంటారు. కప్పులు ట్రేలకు ట్రేలు వెనక్కి రావడం మొదలైంది.

"మేడమ్, మళ్లా వాపస్ పంపిన్రు. జర సూడున్రి, ఏందిది?" అన్నాడు ఓనర్, ఒక కప్పు నా ముందు పెట్టి.

"సినెరిసిస్ సార్."

"అదేంది, రోగమా?"

నేను ఆ మాట డెయిరీ డిగ్రీలో నేర్చుకున్నాను, గుంటూరు వైపు చదువుకునేటప్పుడు. గ్రీకు మాట అని మా లెక్చరర్ చెప్పినట్టు గుర్తు, అంతకు మించి తెలియదు. "రోగం కాదు సార్. పాలు తోడుకున్నప్పుడు లోపల కంటికి కనిపించని సన్నని వల ఒకటి ఏర్పడుతుంది. నీళ్లన్నీ ఆ వలలోనే చిక్కుకుని ఉంటాయి. వల ముడుచుకుపోతే నీళ్లు బయటికి వచ్చేస్తాయి. దాన్నే అలా అంటారు."

"పేరు మంచిగనే ఉన్నది. మందేంది మరి?"

మందు నాకు తెలుసు, కానీ ఆయనకు నచ్చదు. ఎండలకు పెరుగు గిరాకీ పెరిగి, ఒక్క బ్యాచ్ చేసేచోట రెండు చేస్తున్నాం. రెండో బ్యాచ్‌కి చోటు కావాలి కాబట్టి మొదటి బ్యాచ్ కప్పులు సరిగ్గా గట్టిపడకముందే వెచ్చగది నుంచి చల్లగదికి తోసేస్తున్నారు. పట్టీపట్టని పెరుగును కదిలిస్తే వల తెగుతుంది. ఆ మాటే చెప్పాను. ఆయన తల పట్టుకున్నాడు. "ఆర్డర్ ఉన్నప్పుడు చెయ్యకుంటే ఎప్పుడు జేస్తం మేడమ్? చలికాలం ఎవడు తింటడు పెరుగు?" అన్నాడు. అంతటితో ఆ సంభాషణ ఆగిపోయింది, కప్పులు వెనక్కి రావడం మాత్రం ఆగలేదు.

అలాంటి రోజుల్లోనే ఒక పొద్దున ఫిల్లింగ్ మెషీన్ దగ్గర నిలబడి కప్పుల్లోకి చూస్తున్నాను. ఒక కప్పులో నల్లటి సన్నని పోగు కనిపించింది. వెంట్రుక. పక్క కప్పులోనూ ఉంది. ఆ పక్క దాంట్లోనూ. "ఆపండి! మెషీన్ ఆపండి!" అని అరిచాను.

మూతలు అతికించే ఆవిడ పరుగెత్తుకొచ్చింది. "ఏమైంది మేడమ్?"

"వెంట్రుకలు! అన్నిట్లో వెంట్రుకలే! తలకి టోపీ పెట్టుకోనిది ఎవరు?"

ఆవిడ ఒక్కో కప్పూ ఎత్తి వెలుతురుకి పెట్టి చూసింది. "ఏడున్నయి మేడమ్? నాకేం కనిపిస్తలేవు."

"ఇదిగో, ఇక్కడ" అని వేలు పెట్టబోయాను. పోగు పక్కకి జరిగింది. నేను చూపు తిప్పినచోటికల్లా అదీ తిరిగింది. కప్పు మీద నుంచి తల ఎత్తి గోడ వైపు చూశాను. తెల్లటి గోడ మీద కూడా అదే పోగు, దాని చుట్టూ మసిలాంటి చుక్కలు, నీళ్లలో నాచులా ఊగుతూ. అప్పుడు అర్థమైంది, పెరుగులో ఏమీ లేదని. మెషీన్ చుట్టూ చేరిన ఆడవాళ్లందరూ నన్నే చూస్తున్నారు. "నడపండి, ఏం లేదు" అని బయటికి వచ్చేశాను. నీళ్ల ట్యాంకు నీడలో కూర్చుంటే ఎడమ కంటి ఓరన మెరుపులాంటిది తళుక్కుమంది. ఆకాశంలో మబ్బు తునక కూడా లేదు.

చిన్నప్పటి నుంచీ నావి మందపాటి కళ్లద్దాలు. కళ్ల విషయంలో భయం నాకు కొత్త కాదు. మా ఆయన ఉప్పల్‌లో ఒక ప్రైవేటు స్కూల్లో తెలుగు టీచరు. ఆ సాయంత్రం స్కూల్ నుంచి నేరుగా నాచారంలో మా ఇంటికి వచ్చి, నన్ను స్కూటర్ మీద ఉప్పల్‌లో ఒక కంటి దవాఖానాకి తీసుకెళ్లాడు. కంట్లో చుక్కలు వేసి, కంటిపాప విచ్చుకున్నాక, వయసులో చిన్నదైన ఆ డాక్టరమ్మ చాలాసేపు లైటు వేసి చూసింది. కంటి బొమ్మ ఒకటి చేతిలోకి తీసుకుని చెప్పింది.

"కంటి లోపల జెల్ ఉంటుందమ్మా. మైనస్ పవర్ ఎక్కువ ఉన్నవాళ్లకి అది త్వరగా కరుగుతుంది. గట్టిగా ఉండాల్సింది కొంత నీరైపోతుంది, మిగతాది ముడుచుకుంటుంది. మీరు చూస్తున్న పోగులు దాని నీడలే. దీన్ని సినెరిసిస్ అంటాం."

నేను ఉలిక్కిపడ్డాను. "ఏమన్నారు?"

"సినెరిసిస్. కంగారు పడే పేరు కాదు."

"పేరు నాకు తెలుసు మేడమ్" అన్నాను. "మా పెరుక్కి వచ్చింది."

డాక్టరమ్మ నవ్వింది. నవ్వాలో ఏడవాలో నాకు తెలియలేదు. పెరుగు సంగతి నాకు అణువణువూ తెలుసు. ఒకసారి నీళ్లు వదిలిన పెరుగును ఎంత కలిపినా, ఎంత చల్లబెట్టినా, మళ్లీ మొదటిలా చేయడం ఎవరి వల్లా కాదు. కంటికి కూడా అంతేనా అని అడిగాను. కరిగింది మళ్లీ గట్టిపడదని ఒప్పుకుంది. "కానీ చాలామందికి అక్కడితో ఆగిపోతుంది. కంటి లోపలి గోడకి అంటుకుని ఉండే పొర, రెటీనా, దానికి ఈ రోజుకి ఎక్కడా చిరుగు లేదు. కంటికి పక్క నుంచి తెర పడుతున్నట్టు అనిపిస్తే మాత్రం చేతిలో ఉన్న పని వదిలేసి వచ్చేయండి" అంది.

తెర అన్న మాట పట్టుకుని నేను బతకడం మొదలుపెట్టాను. కర్టెన్ కదిలినా, దుప్పటి అంచు కనిపించినా, పక్కన ఎవరైనా నడిచినా ఒళ్లు ఝల్లుమనేది. ఫ్యాక్టరీకి వెళ్లడం మానలేదు. మానితే ఇంట్లో కూర్చుని పోగులు చూస్తూ ఉండాలి.

తెర నిజంగా పడినప్పుడు నేను ఫ్యాక్టరీ గేటు దాటి ఆటో కోసం నడుస్తున్నాను. ఎడమ కంటికి ముక్కు వైపు నుంచి బూడిద రంగు నీడ ఒకటి లోపలికి వచ్చింది. కన్ను రుద్దుకున్నాను, పోలేదు. మా ఆయనకు ఫోన్ చేసి "పడింది" అన్నాను. ఆయన ఇంకేం అడగలేదు. "ఆటో ఎక్కు. దవాఖానా కాడ ఉంట" అన్నాడు.

ఆ రోజు ఉప్పల్ స్టేడియంలో క్రికెట్ మ్యాచ్ ఉంది. నాకు ఆ ధ్యాసే లేదు. హబ్సిగూడ దాటేసరికి రోడ్డు మొత్తం బండ్లే. మొహాలకు రంగులు పూసుకున్న పిల్లలు జెండాలు ఊపుతూ ఆటోల మధ్య నుంచి నడుస్తున్నారు. బూరలు ఊదుతున్నారు. మా ఆటో మెట్రో పిల్లర్ పక్కన నిలిచిపోయింది.

"అన్నా, వేరే దారి లేదా?" అని అడిగాను.

"మ్యాచ్ రోజు గిట్లనే ఉంటదక్కా. ఏ గల్లీల పోయినా గిదే కత" అన్నాడు ఆటో అతను.

కుడి కన్ను మూసుకుని ఎడమ కంటితో పిల్లర్ మీద పోస్టర్ చూశాను. పోస్టర్‌లో సగమే ఉంది. కాసేపాగి మళ్లీ చూశాను. ఇంకొంచెం తగ్గింది. నీళ్లు గోడకి ఎక్కినట్టు నీడ ఎక్కుతోంది. ఏడుపు వచ్చేసింది. "అన్నా, నా కన్ను పోతోంది" అన్నాను. అలా పరాయి మనిషితో అనడం నా జీవితంలో అదే మొదలు. ఆయన వెనక్కి తిరిగి నా మొహం చూశాడు. ఏమనుకున్నాడో, ఇంజన్ ఆపేసి, కిందికి దిగి, నా చెయ్యి పట్టుకున్నాడు. "నడువు అక్కా. నడుసుకుంట పోతే జల్దీ పోతం" అన్నాడు. ఆటో అక్కడే వదిలేసి, ఎదురొచ్చే గుంపును భుజంతో తోసుకుంటూ, "జరగున్రి, జరగున్రి భాయ్, దవాఖానాకి పోవాలె" అని అరుస్తూ నన్ను నడిపించాడు. సగం దారిలో మా ఆయన ఎదురొచ్చాడు. చొక్కా చెమటతో తడిసి వీపుకి అంటుకుపోయి ఉంది. ఆయన స్కూల్ నుంచి పరుగెత్తుకుంటూ వచ్చాడని తర్వాత తెలిసింది.

ముడుచుకున్న జెల్ రెటీనాను లాగి చింపిందని, ఆ చిరుగులోంచి కరిగిన నీళ్లు వెనక్కి వెళ్లి పొరను గోడ నుంచి లేపేస్తున్నాయని డాక్టరమ్మ చెప్పింది. మర్నాడే ఆపరేషన్. రక్తం తీసుకున్నారు. బల్ల మీద స్టాండులో అప్పటికే తీసిపెట్టిన వేరెవరివో గాజు గొట్టాలు ఉన్నాయి. అడుగున గడ్డకట్టిన రక్తం బిగుసుకుని, పైన పసుపుపచ్చటి నీళ్లు తేరి ఉన్నాయి. అచ్చం మా కప్పుల్లా. ల్యాబ్ అమ్మాయిని ఆ నీళ్లేమిటని అడిగితే, "సీరం మేడమ్. గడ్డ ముడుచుకుంటే పైకొస్తది. రాకపోతేనే ప్రాబ్లమ్" అంది. రక్తంలో అది మంచిదట. అది జరగకపోతేనే గాయం మానదట. దానికీ అదే పేరని అప్పుడెప్పుడో చదివిన పాఠం గుర్తొచ్చింది. నా ఒంట్లోనే ఒకచోట ప్రాణం నిలిపే పని, ఇంకోచోట చూపు తీసేసే పని. కుర్చీలో కూర్చుని వెక్కి వెక్కి ఏడ్చాను. ఆ అమ్మాయి సూది నొప్పి అనుకుని, "అయిపోయింది మేడమ్, అయిపోయింది" అని దూది ఒత్తింది.

ఆపరేషన్‌లో కంటి జెల్ తీసేసి గ్యాస్ నింపారు. ఆ గ్యాస్ బుడగ పైకి తేలి రెటీనాను గోడకి నొక్కి పెట్టాలి. బుడగ సరైన చోట నిలవాలంటే నేను ఎప్పుడూ తల కిందికి దించుకునే ఉండాలి. తినడం, కూర్చోవడం, పడుకోవడం, అన్నీ నేల చూస్తూనే. మా ఆయన డైనింగ్ టేబుల్ అంచుకి తువ్వాలు మడతలు పెట్టి కట్టాడు. దాని మీద నుదురు ఆనించి కూర్చునేదాన్ని. మెడ పట్టేసేది. ముక్కు చివర నుంచి కన్నీళ్లు నేల మీద పడేవి. మా ఇంటి నేల మీద టైల్స్ అతుకులు, వాటిల్లో ఇరుక్కున్న మట్టి నాకిప్పుడు నా అరచెయ్యంత బాగా తెలుసు.

స్కూలుకి సెలవులు వచ్చాయి. మా ఆయన నా పక్కనే నేల మీద కూర్చుని పేపరు చదివి వినిపించేవాడు. ఒకరోజు ఎక్కడినుంచో పెద్ద నిఘంటువు మోసుకొచ్చాడు. ఆయన గొంతులో ఏదో ఉత్సాహం.

"మీ మాట మా క్లాసుల గూడ ఉన్నదే!" అన్నాడు.

"ఏ మాట?"

"గదే, సినెరిసిస్. గ్రీకోళ్ల వ్యాకరణంల పక్కపక్కన ఉన్న రెండు అచ్చులను కలిపి ఒక్కటిగ పలుకుడట. మనం అయిదు అని రాస్తం, ఐదు అని పలుకుతం సూడు. అవును అంటే ఔను. గట్లన్నట్టు."

"మా దాంట్లో విడిపోవడం, మీ దాంట్లో కలిసిపోవడమా?"

"అసలు అర్థం దగ్గరికి తీసుకునుడు, కలిపి పట్టుకునుడు అని ఉన్నదిక్కడ. మీ పెరుగుల వల దగ్గరికైతది, నీళ్లు బయట పడుతయి. మా దగ్గర అచ్చులు దగ్గరైతయి. మాట ఒక్కటే, ఎవరు ఎటు దిక్కు నుంచి సూసిన్రో అంతే." ఆయన పేజీ తిప్పాడు. "ఇంకా ఉన్నది, ఇను..."

నాకు ఒక్కసారిగా ఒళ్లు మండిపోయింది. "నా కన్ను పోతుంటే మీకు వ్యాకరణమా?" అని అరిచాను, నేల వైపే చూస్తూ. అరవడానికి కూడా తల ఎత్తకూడదు.

పుస్తకం మూసిన చప్పుడు వినిపించింది. ఆయన పాదాలు మాత్రమే నాకు కనిపిస్తున్నాయి. బొటనవేళ్లు లోపలికి ముడుచుకుని ఉన్నాయి.

"నాకు ఇంకేం చెయ్యొస్తది చెప్పు" అన్నాడు చివరికి. "నేను డాక్టర్ను గాదు. నీ లెక్క సైన్సు సదువలే. నాకు మాటలే తెలుసు. నిన్ను గిట్ల సూసుకుంట ఉత్తగ కూసునుడు నాతోని అయితలేదే."

నేను చెయ్యి చాపితే ఆయన మోకాలు తగిలింది. దాన్ని పట్టుకుని ఉండిపోయాను. ఆ తర్వాత ఆయన నిఘంటువు తెరవలేదు, నేను తెరవమని అడగలేదు కూడా.

మా ఓనర్ ఒక సాయంత్రం నన్ను చూడ్డానికి వచ్చాడు. చేతిలో సంచి. నా అవస్థ చూసి గుమ్మంలోనే నిలబడిపోయాడు. తర్వాత వచ్చి, ఆ పెద్దమనిషి, పంచె సర్దుకుని, నా ఎదురుగా నేల మీద చతికిలబడ్డాడు. సంచిలోంచి ఒక కప్పు తీసి, సరిగ్గా నా మొహం కింద, నా కుడి కంటికి కనిపించేచోట పెట్టాడు.

"మీరు చెప్పినట్టే జేసిన మేడమ్. రెండో బ్యాచ్ బందు పెట్టిన. పెరుగు గట్టిగయ్యేదాక ఎవ్వరిని ముట్టనిస్తలేను. సూడున్రి."

మూత తీశాడు. పైన నీళ్లు లేవు. చెంచాతో మధ్యలో కొంచెం తీయమన్నాను. తీస్తే చిన్న గుంట పడింది. వల బలహీనంగా ఉంటే ఆ గుంటలోకి నీళ్లు ఊరతాయి. "కాసేపు చూద్దాం సార్" అన్నాను. ఆయనా తల వంచుకున్నాడు. మా ఆయన కూడా వచ్చి వంగాడు. ముగ్గురం నేల మీద ఉన్న ఒక పెరుగు కప్పులోకి చూస్తూ ఉండిపోయాం. వంటింట్లో కుక్కరు విజిల్ వేసింది, ఎవరూ లేవలేదు. గుంట అంచులు పదునుగా, పొడిగా అలాగే ఉన్నాయి.

"రాలే మేడమ్! నీళ్లు రాలే!" అన్నాడు ఓనర్, చిన్నపిల్లాడిలా. ఆయన చెంపలు తడిగా ఉండడం చూశాను. నాకు కూడా సంతోషంగానే ఉంది. పెరుగు బాగుపడితే కన్ను కూడా బాగుపడుతుందని ఎందుకో అనిపించింది. రెండింటికీ ఏ సంబంధమూ లేదని నాకంటే బాగా ఎవరికి తెలుసు? అయినా ఆ రాత్రంతా ఆ ఆశనే పట్టుకుని పడుకున్నాను.

గ్యాస్ కరిగేకొద్దీ ఎడమ కంటిలో చూపు పై నుంచి కొద్దికొద్దిగా తెరుచుకుంది. మా ఆయన మొహం, కిటికీ చువ్వలు, ఎదురింటి డాబా మీద ఆరేసిన చీరలు, అన్నీ మసకగానైనా కనిపించాయి. తల ఎత్తుకు తిరగవచ్చని డాక్టరమ్మ చెప్పిన రోజు గుడికి కూడా వెళ్లాం. కొన్నాళ్లకే మళ్లీ నీడ వచ్చింది. గాయం మానే చోట లోపల మచ్చలాంటి పొర పెరిగి, అది ముడుచుకుని, అతికిన రెటీనాను మళ్లీ లాగేసిందని చెప్పారు. ముడుచుకోవడం అన్న మాట వినగానే నేను చెవులు మూసుకున్నాను. రెండో ఆపరేషన్‌లో గ్యాస్ బదులు సిలికాన్ నూనె నింపారు. ఈసారి డాక్టరమ్మ మొహంలో నవ్వు లేదు.

"పొర నిలిచింది. చూపు మాత్రం..." అని ఆగింది.

"ఎంత వస్తుంది?"

"చెయ్యి ఊపితే తెలుస్తుందమ్మా. అంతకంటే ఎక్కువ చెప్పి మిమ్మల్ని మోసం చేయలేను."

ఇప్పుడు ఎడమ కంటికి వెలుతురూ నీడా తెలుస్తాయి. ఫ్యాక్టరీకి మళ్లీ వెళ్తున్నాను. మొదటి రోజు పాల శాంపిల్ గొట్టంలో పోయబోయి బల్ల మీద పోశాను. ఒంటి కంటికి దూరం తెలియదు. గొట్టం అంచు ఎక్కడుందో వేలితో తడిమి పోయడం నేర్చుకున్నాను. పాలు ఒలికినప్పుడల్లా ఓనర్ అటు తిరిగి ఎవరినో ఏదో అడిగేవాడు, చూడనట్టు. నన్ను తీసేయలేదు. తీసేస్తాడేమోనన్న భయం నాకు పోనూ లేదు.

మొన్నటి చెకప్‌లో డాక్టరమ్మ కుడి కన్ను కూడా పరీక్ష చేసింది. దాంట్లోనూ జెల్ కరగడం మొదలైందట. "చిరుగుతుందా?" అని అడిగాను.

"చిరగకపోవచ్చు. చిరగవచ్చు. చాలామందికి ఏమీ కాదు" అంది.

చాలామంది అన్న మాట నాకు ఇప్పుడు ఏ ధైర్యమూ ఇవ్వదు. మెట్లు దిగుతుంటే మా ఆయన నా మోచెయ్యి పట్టుకున్నాడు. రోడ్డు మీద ఫ్లైఓవర్ పని దుమ్ము, బస్సుల హారన్లు.

రోజూ పొద్దున లేవగానే బాత్రూమ్‌లోకి వెళ్లి, ఎడమ కంటిని అరచేత్తో మూసుకుని, తెల్లటి గోడ వైపు చూస్తాను. నాలుగు మూలలూ ఉన్నాయా, ఏ మూలైనా తగ్గిందా అని. బయట మా ఆయన ఊపిరి బిగబట్టి నిలబడి ఉంటాడని నాకు తెలుసు.

"మంచిగున్నదా?" అని అడుగుతాడు తలుపు అవతలి నుంచి.

"ఉంది" అంటాను.

అప్పుడు ఆయన వెళ్లి స్టవ్ మీద టీకి నీళ్లు పెడతాడు.